తట్టనక్కర్లేని తలుపు

ఇన్నేళ్ళుగా నేను మోస్తున్నది ఒక ఇనుప గడియ. నా చూపుడు వేలంత కూడా ఉండదు. దాని బరువు మాత్రం నాకే తెలుసు. మా ఆయనకు చెప్పలేదు, కడుపున పుట్టిన కూతురికి చెప్పలేదు. మక్కాకు ఉమ్రా యాత్ర పోయినప్పుడు కాబా ఎదురుగా నిలబడి ఏడ్చాను గానీ, దేనికి ఏడుస్తున్నానో మాటల్లో పెట్టలేకపోయాను. మీరెవరో నాకు తెలీదు. తెలీదు కాబట్టే మీ దగ్గర నోరు విప్పగలుగుతున్నాను. నా పేరు మాత్రం అడక్కండి.

మాది రాయచోటి పక్క పల్లె. దూదేకులోళ్ళం. నమాజు అరబ్బీలో, మిగతా బతుకంతా తెలుగులో. పదో తరగతి దాకా చదివాను, అందుకే ఈ మాత్రం రాయగలుగుతున్నాను. సౌదీకి వచ్చినప్పటి నుంచీ తాయిఫ్‌లో ఒకే ఇంట్లో పని. ఇల్లు మారలేదంటేనే అది ఎలాంటి ఇల్లో మీకు అర్థమవ్వాలి. ఎవరూ నా మీద చెయ్యి చేసుకోలేదు. ఫోను లాక్కోలేదు. నేను తిన్నానో లేదో అడిగేవాళ్ళు. ఇదంతా ముందే ఎందుకు చెప్తున్నానంటే, నేను చేసిన పనికి వాళ్ళ మీద నెపం పెట్టే వీల్లేదని. నెపం కోసం నేను వెతక్కుండా ఉండలేదు. దొరకలేదు.

ఆ ఇంటి యజమానిని, అంటే నా కఫీల్‌ని, 'బాబా' అని పిలుస్తాను. ఆయన తల్లిని 'సిత్తీ' అనేదాన్ని. ఈ వైపు నాయనమ్మను అలా పిలుస్తారు. నేను వచ్చేనాటికే సిత్తీకి షుగరు వల్ల చూపు దాదాపుగా పోయింది. కాళ్ళూ సరిగా ఆడేవి కావు. బాబా, ఆయన భార్య ఉద్యోగాలకు పోతే పగలంతా ఇంట్లో నేనూ ఆమే. నల్లటి మనిషి, పొడుగాటి వేళ్ళు, నవ్వితే ఒళ్ళంతా కదిలేది. ఆమెను కనిపెట్టుకుని ఉండటమే నా పని. నిజం చెప్పాలంటే, నన్ను కనిపెట్టుకుని ఉన్నది ఆమే.

సిత్తీ బానిసగా పుట్టింది.

ఈ సంగతి ఆమే చెప్పింది, ఒక సాయంత్రం దానిమ్మ గింజలు ఒలుస్తూ. "మా అమ్మ ఒక పెద్దింటి సొత్తు. నేను ఆ సొత్తుకు పుట్టిన సొత్తును" అని చెప్పి, ఏదో తమాషా సంగతి చెప్పినట్టు నవ్వింది. నాకు నవ్వు రాలేదు. గిన్నెలో పడిన తెల్లటి తొక్కలు ఏరుతూ కూర్చున్నాను. ఆమెకు పదేళ్ళో పన్నెండేళ్ళో ఉన్నప్పుడు ఈ దేశంలో ఇక బానిసలు ఉండకూడదని హుకుం వచ్చిందట. పెద్దింటాయన అందరినీ వాకిట్లోకి పిలిచి మీరిక పోవచ్చు అన్నాడట. ఎక్కడికి పోతారు? సగానికి సగం మంది మళ్ళీ అదే వంటింట్లోకి పోయి పొయ్యి రాజేశారట.

ఆ ఇంట్లో యజమాని కూతుళ్ళకు చదువు చెప్పడానికి ఒక పంతులమ్మ వచ్చేది. ఎండాకాలం ఆ పిల్లలకు విసనకర్ర విసరడం సిత్తీ పని. విసురుతూ విసురుతూ వాళ్ళకంటే ముందే చదవడం నేర్చేసుకుంది. తర్వాత ఒక తాపీమేస్త్రీని పెళ్ళి చేసుకుంది. ఆయనా బానిసగా ఉండి విడుదలైనవాడే. ఆయన తన చేతుల్తో కట్టిన ఇల్లే ఇది. ఆ ఇంటి వాకిట్లో, విడుదలైన ఆడవాళ్ళ కోసం సిత్తీ బడి పెట్టింది.

బడి అంటే బల్లలూ గంటా ఊహించుకోకండి. పలకలు కూడా లేవు. ఒక పెద్ద పళ్ళెంలో గోధుమపిండి పలచగా పరిచి, దాని మీద వేలితో రాయించేది. పాఠం అయ్యాక ఆ పిండికి నీళ్ళు కలిపి రొట్టెలు చేసుకుని అందరూ తినేవాళ్ళు. "మా పాఠాలన్నీ మేం తినేశాం, అందుకే ఒక్కటీ మిగల్లేదు" అనేది సిత్తీ. మొదటి పాఠం అక్షరం కాదు, పేరు. యజమానులు వాళ్ళకు ముత్యం, కస్తూరి, అదృష్టం అని పేర్లు పెట్టేవాళ్ళట, మనం పిల్లికి పెట్టుకున్నట్టు. అమ్మ పెట్టిన పేరు గుర్తుందా అని సిత్తీ అడిగేది. గుర్తుంటే దాన్ని రాయించేది. ఒకామెకు ఎంత తలబద్దలు కొట్టుకున్నా గుర్తు రాలేదట. చివరికి, "మీ అమ్మ పేరు నాకు ఇస్తావా?" అని అడిగిందట. సిత్తీ ఇచ్చేసింది.

నాకూ అలాగే నేర్పింది. రొట్టెల పిండి కలపబోతుంటే ఆగమని, నా వేలు పట్టుకుని పిండిలో నా పేరు అరబ్బీలో రాయించింది. కళ్ళు కనబడని మనిషి నాకు అక్షరాలు చూపించింది. మా అమ్మకు చదువు రాదు, నన్ను బడికి మాత్రం కొట్టి పంపేది. ఆ అమ్మ చనిపోయినప్పుడు నేను ఇక్కడే ఉన్నాను, ఫోనులోనే ఏడ్చాను. ఆ మర్నాడు సిత్తీ పిండి పరిచి, "మీ అమ్మ పేరు రాయి" అంది. రాశాను. దాన్ని చెరిపి రొట్టె చెయ్యడానికి నాకు చేతులు రాలేదు. "తిను, లోపలే ఉంటుంది" అంది సిత్తీ. ఇంతలా నన్ను చూసుకున్న మనిషికి నేను అబద్ధం చెప్పాను. ఒకసారి కాదు, రోజూ.

ఇప్పుడు తలుపు గురించి చెప్పాలి.

వాకిట్లోంచి వెనక సందులోకి ఒక చిన్న చెక్క తలుపు ఉంది. బడికి వచ్చేవాళ్ళందరూ దాంట్లోంచే వచ్చేవాళ్ళు. బడి మొదలైన రోజు లోపల అందరూ గట్టిగా పేర్లు చదువుతుంటే, ఎవరో ఒకామె వచ్చి ఆ తలుపు తట్టిందట. ఆ గోలలో ఎవరికీ వినపడలేదు. గడియ వేసి ఉంది. ఆమె మళ్ళీ తట్టడానికి జంకి, పొద్దు గూకే దాకా అక్కడే నిలబడి వెళ్ళిపోయిందట. ఈ సంగతి ఎదురింటామె మర్నాడు చెప్పింది. ఎవరామె? ఏ ఇంటి నుంచి తప్పించుకుని వచ్చింది? ఎవరికీ తెలీదు. మళ్ళీ రాలేదు. ఆ రోజే సిత్తీ మొగుడు ఆ గడియను ఊడబెరికి పారేశాడు. అప్పటి నుంచి ఆ బడికి ఒకటే నియమం. తలుపు ఎవరూ తట్టకూడదు, తోసుకుని లోపలికి రావాలి. "తట్టడమంటే అడగడమే కదా. వాళ్ళు అప్పటికే చాలా అడిగి ఉన్నారు" అనేది సిత్తీ.

తర్వాత ఊళ్ళో ఆడపిల్లల బడులు వచ్చాయి, పెద్దవాళ్ళకు క్లాసులు వచ్చాయి. సిత్తీ బడి ఎవరూ మూయకుండానే మూతపడింది. తలుపు మాత్రం అలాగే ఉండిపోయింది. సాయంత్రం అసర్ నమాజు అయ్యాక, అంటే ఒకప్పుడు బడి మొదలయ్యే వేళకు, సిత్తీ రోజూ నన్ను అడిగేది, "తలుపు?" అని. "మఫ్తూహ్, సిత్తీ" అనేదాన్ని. తెరిచే ఉంది అని. అప్పుడు ఆమె ముఖం తేలికపడేది. ఆ మొదటి రోజు వచ్చి వెళ్ళిపోయిన మనిషి కోసం ఆమె ఇంకా ఎదురుచూస్తోందని నాకు తెలుసు. ఆ మనిషి బతికి ఉందో లేదో కూడా తెలీదు, అయినా ఎదురుచూపే.

సిత్తీని కళ్ళ ఆపరేషన్‌కని ఆస్పత్రిలో ఉంచినప్పుడు బాబా ఒక వడ్రంగిని పిలిపించి ఆ తలుపుకు కొత్త గడియ పెట్టించాడు. పాత గడియ బెజ్జాలు అలాగే ఉన్నాయి, వాటి మీదే బిగించాడు. బాబా చెడ్డవాడు కాదు. పారిపోయి వచ్చిన పనిమనిషి ఎవరైనా మన ఇంట్లో దొరికితే తనకూ తిప్పలే, నాకూ తిప్పలే అని నెమ్మదిగా చెప్పాడు. కఫీల్ దగ్గర నుంచి పారిపోయిన వాళ్ళ మీద కేసు ఉంటుంది, వాళ్ళను దాచినవాళ్ళ మీదా ఉంటుంది. "అమ్మతో మాత్రం తెరిచే ఉందని చెప్పు. ఆమె మనసు కష్టపెట్టడం ఎందుకు" అన్నాడు. నేను సరే అన్నాను. ఆపరేషన్ అయినా చూపు రాని ముసలామెకు ఒక్క ముక్క అబద్ధం. ప్రేమతోనే కదా అనుకున్నాను. గడియ చప్పుడు ఆమె చెవిన పడకుండా, కుళాయి తిప్పి ఆ నీళ్ళ చప్పుడులో వేసేదాన్ని. ఎంత తెలివి చూడండి నాది!

ఇక సుగుణ.

వెనక సందుకు అవతలి ఇంట్లో పనిచేసేది. కోనసీమ పిల్ల. మా మేడ మీద నేను బట్టలు ఆరేస్తుంటే, వాళ్ళ మేడ మీద ఆమె ఆరేసేది. మధ్యలో సందు. ఒకరోజు నేను ఏదో కూనిరాగం తీస్తుంటే, "మీరు తెలుగోళ్ళాండీ?" అని అటు నుంచి కేక వినపడింది. చేతిలో ఉన్న దుప్పటి కింద పడేశాను. తాయిఫ్‌లో, మేడ మీద, ఆకాశం కింద, తెలుగు! ఆ సంతోషం మీకెలా చెప్పను? తర్వాత అండీలు పోయి అక్కనయ్యాను. నా యాస వింటే ఎవరో ఎవరినో తిడుతున్నట్టుంటుందని ఏడిపించేది. "నువ్వు మాట్లాడితే పాట పాడినట్ల ఉంటాది పాపా, పని ఎప్పుడు చేస్తావు?" అనేదాన్ని నేను. ఏం చెప్పినా "ఆయ్" అనేది. ఔను అనడానికి వాళ్ళ వైపు అలా అంటారట. ఆ మాట కోసమే నేను అడగాల్సినవీ అడక్కూడనివీ అడిగేదాన్ని.

ఆమె పరిస్థితి బాగాలేదు. వాళ్ళింట్లోనూ, వాళ్ళ మేడం చెల్లెలింట్లోనూ రెండుచోట్లా చాకిరీ. ఫోను తీసేసుకున్నారు. ఒప్పందం అయిపోయినా ఇంటికి పంపే ఊసే లేదు, అడిగితే వచ్చే నెల అంటారు. ఒకరోజు ఆమె ముంజేతి మీద ఇస్త్రీ పెట్టె వాత చూశాను. నేను చూడటం ఆమె చూసింది. చెయ్యి పైటలోకి లాక్కుంది. ఏమైందని నేను అడగలేదు. అడిగితే ఏదో ఒకటి చెయ్యాల్సి వస్తుందని భయమేమో. అప్పుడలా అనుకోలేదు. ఇప్పుడు అనిపిస్తోంది.

అడగడానికి బదులు కథ చెప్పాను. ఆమె దిగులు పోగొట్టాలని, సిత్తీ కథ చెప్పాను. పిండి మీద రాసిన పేర్ల కథ, అమ్మ పేరు అరువిచ్చిన కథ. చివర్లో తలుపు కథ. సందులోకి చెయ్యి చూపించి, "అదిగో, ఆ తలుపే. ఎప్పుడూ గడియ ఉండదు. ఎవరైనా సరే తోసుకుని రావచ్చు, తట్టే పని లేదు" అని గొప్పగా చెప్పాను. సుగుణ ఆ తలుపు వైపు చాలాసేపు చూసింది. ఆ సాయంత్రం కూడా నేను దానికి గడియ వేసే మేడ ఎక్కాను. మరి ఎందుకలా చెప్పాను? గడియ సంగతి కలిపితే కథ పాడైపోతుందనా? అంత మంచి ఇంట్లో ఉంటున్నానని ఆ పిల్ల ముందు గొప్పలు పోవడానికా? ఎన్నిసార్లు తవ్వుకున్నా తేలదు. బహుశా రెండూనేమో.

కొన్నాళ్ళకు నాకు సెలవు దొరికింది. పోయి తిరిగి రావడానికి కాగితాలు వచ్చేశాయి. కూతురికి నెలలు నిండుతున్నాయి, మొదటి కాన్పు. అమ్మ చావుకు పోలేకపోయిన నేను బిడ్డ కాన్పుకైనా పోవాలని ఎంత తపించానో! పెట్టె సర్దేసి మంచం కింద పెట్టుకున్నాను. నడుస్తున్నా కాళ్ళు నేల మీద లేవు.

సెలవులకొచ్చిన సిత్తీ మనవరాలు, బాబా తమ్ముడి కూతురు నూరాను జిద్దాలో వాళ్ళింటి దగ్గర దింపడానికి బాబా వాళ్ళు పోయిన రోజది. ఇంట్లో నేనూ సిత్తీ. అసర్ అయింది. వాకిట్లో చాప మీద పళ్ళెం పెట్టుకుని, పిండిలో నా మనవడికో మనవరాలికో పెట్టబోయే పేర్లు రాసి చూపిస్తోంది సిత్తీ. "తలుపు?" అని అప్పటికే అడిగింది. "మఫ్తూహ్" అని అప్పటికే చెప్పాను.

సందులో చెప్పుల చప్పుడు వినపడింది, పరుగులాంటిది. ఆ వెంటనే ఎవరో తలుపు తోశారు. తట్టలేదు, తోశారు. చెక్క వచ్చి గడియకు కొట్టుకుని ఆగింది. మళ్ళీ తోశారు. నాకు అర్థమైపోయింది. నేను చెప్పిన కథ నమ్మి వచ్చిన మనిషి మాత్రమే ఆ తలుపును అలా తోస్తుంది.

లేచి తలుపు దగ్గరికి పోయాను. పోయాను, అదైతే నిజం. గడియ మీద చెయ్యి కూడా వేశాను. పిండి చేతులు.

"అక్కా, నేనక్కా, సుగుణని. తలుపు రావట్లేదు. గట్టిగా తొయ్యాలా?"

తలుపు బిగుసుకుందనుకుంది ఆ పిల్ల. గడియ ఉంటుందని ఆమెకు తోచనే లేదు. నాకు కేసు గుర్తొచ్చింది, పోలీసులు గుర్తొచ్చారు, మంచం కింద పెట్టె గుర్తొచ్చింది. కూతురి పొట్ట గుర్తొచ్చింది. అప్పుడు నా నోట్లోంచి వచ్చిన మాట అరబ్బీలో వచ్చింది.

"ఎవరది? ఇంట్లో ఎవరూ లేరు. వెళ్ళు."



"అరబ్బీలో మాట్టాడతావేంటక్కా? నేను సుగుణనే."

"వెళ్ళు" అన్నాను. అదీ అరబ్బీలోనే. సిత్తీ నాకు నేర్పిన అరబ్బీ.

తలుపును ఆనుకుని నిలబడినట్టుంది, ఊపిరి వినపడుతోంది. తర్వాత గొంతు బాగా తగ్గించి అడిగింది. "లోపలున్నది నువ్వేనా అక్కా?"

నేను జవాబు చెప్పలేదు. ఆమె చెప్పులు ఈసారి మెల్లగా కదిలాయి. సందు చివరి దాకా వినపడ్డాయి.

వెనక్కి తిరిగాను. సిత్తీ ముఖం నా వైపే ఉంది. ఎవరని అడిగింది. ఎవరూ లేరు సిత్తీ, గాలి అన్నాను. ఆమె చాలా మామూలుగా అంది. "తలుపు తెరిచే ఉంది కదా. మన తలుపు దగ్గర నిలబడి మాట్లాడాల్సిన పని ఎవరికుంది?"

అరచేత్తో పిండిని సాపు చేసింది. పేర్లన్నీ పోయాయి. ఆ పిండితో రొట్టెలు చెయ్యమని కూడా చెప్పలేదు.

ఆ మర్నాడు అసర్ అయింది. సిత్తీ తలుపు మాట ఎత్తలేదు. ఆ తర్వాత రోజూ ఎత్తలేదు. ఇక మళ్ళీ ఎప్పుడూ అడగలేదు. నేను ఊరికి బయల్దేరే రోజు మాత్రం నన్ను దగ్గరికి లాక్కుని నా తల నిమిరింది, పుట్టబోయే బిడ్డకని గులాబీ అత్తరు సీసా చేతిలో పెట్టింది. కోపం లేదు, మాట విరుపు లేదు. కోపమైనా వచ్చి ఉంటే బాగుండేది. ఆమెకు తెలుసా? ఎన్నాళ్ళ నుంచి తెలుసు? కుళాయి నీళ్ళ చాటున నేను గడియ వేసిన రోజుల నుంచీ తెలిసే, నా నోటి నుంచి నిజం వస్తుందేమోనని రోజూ అడిగేదా? జవాబు దొరికినా నేను ఓర్చుకోగలనో లేదో తెలీదు.

మనవరాలిని ఎత్తుకున్నాను. లోకంలో అంత మెత్తటిది ఇంకోటి లేదు. కూతురు నిద్రపోతుంటే ఆ బిడ్డను ఒళ్ళో పెట్టుకుని, ఇది చూడటానికే కదా గడియ తియ్యలేదు అనుకున్నాను. ఆ ఆలోచన రాగానే బిడ్డను పక్కన పడుకోబెట్టేశాను. పసిదాని మీద ఆ మోపు ఎందుకు పెట్టాలి? అది నన్ను రమ్మని పిలవలేదు, ఎవరికీ తలుపు మూయమని చెప్పలేదు.

తిరిగి వచ్చి మేడ ఎక్కితే అవతలి మేడ మీద వేరే మనిషి బట్టలు ఆరేస్తోంది. ఆఫ్రికా వైపు నుంచి వచ్చినామె. సుగుణ గురించి అడిగితే తనకేమీ తెలీదని చేతులు తిప్పింది. చివరికి ఆ ఇంటి డ్రైవరును అడిగాను. నిజామాబాద్ మనిషి, కిరాణా కొట్టు దగ్గర కనబడ్డాడు. "ఆ పిల్లనా? గల్లీ చివర్ల కూసొని ఉండె అక్కా" అన్నాడు. "ఏడుస్తలేకుండె. ఊకనే కూసొని ఉండె. లే అంటే లేచి బండ్ల కూసున్నది. తర్వాత రియాద్‌ల ఎవరో సుట్టాలింటికి పంపిన్రు. అంతకు మించి నాకు తెల్వది." అతను కొత్తిమీర కట్ట తీసుకుని వెళ్ళిపోయాడు. నేను ఏం కొనడానికి వచ్చానో మర్చిపోయి ఖాళీ సంచితో ఇంటికి వచ్చాను.

వెతికానా అంటే, వెతికాను. ఆమె ఇంటిపేరు నాకు తెలీదు. ఊరు అమలాపురం పక్క అని మాత్రం తెలుసు. వాళ్ళ వైపు మనుషులు ఎవరు కనబడినా అడిగాను. రియాద్ నుంచి వచ్చినవాళ్ళను అడిగాను. దొరకలేదు. ఉమ్రాలో అల్లాను అడగబోయి ఆగిపోయాను. అల్లాకు చేసిన తప్పును అల్లా మాఫ్ చేస్తాడు గానీ, మనిషికి చేసిన తప్పును ఆ మనిషే మాఫ్ చెయ్యాలని మా నాన్న చెప్పేవాడు. ఆ మనిషి ఎక్కడుందో తెలీకపోతే ఏం చెయ్యాలో చెప్పలేదు.

సిత్తీ పోయి కొన్నేళ్ళయింది. ఆస్పత్రి మంచం మీద, ఆఖరి రోజుల్లో, నా చెయ్యి తీసుకుని అరచేతి మీద వేలితో ఏదో రాసింది, పిండి మీద రాసినట్టే. వేలు వణుకుతోంది, నాకు అక్షరాలు పట్టుబడలేదు. మళ్ళీ రాయమని అడగడానికి ధైర్యం చాలలేదు. నా పేరే రాసి ఉంటుందని అనుకుంటాను, మంచి మనసుతో ఉన్న రోజున. మిగతా రోజుల్లో వేరే మాట అనిపిస్తుంది.

ఇదంతా ఇప్పుడెందుకు బయటపెడుతున్నానంటే, నూరా వల్ల. సిత్తీ మనవరాలు జిద్దాలో చదువుకుంటోంది. నాయనమ్మ బడి చరిత్ర రాస్తోంది. చిన్న పుస్తకంగా అచ్చు వేసి, అక్కడ చదువుకున్న ఆడవాళ్ళ పిల్లలకూ మనవలకూ పంచుతుందట. ఒక్క ఫొటో లేదు, పలక లేదు. పాఠాలన్నీ తినేశారు కదా. అందుకని నన్ను కూర్చోబెట్టి అడిగింది. నాకు తెలిసినవన్నీ చెప్పాను, సంతోషంగానే చెప్పాను. చివర్లో వాకిట్లోకి పోయి ఆ తలుపు ముందు నిలబడింది. "ఈ గడియ ఎప్పటిది? నాయనమ్మ ఉన్నన్నాళ్ళూ ఇది తెరిచే ఉండేదట కదా?"

బాబా అక్కడే ఉన్నాడు. నా వైపు చూసి తల దించుకున్నాడు. సుగుణ సంగతి ఆయనకు తెలీదు. గడియ సంగతి తెలుసు. "ఆమె పోయాకే పెట్టించారు. ఆఖరి దాకా తెరిచే ఉండేది" అన్నాను. నూరా నన్ను కావిలించుకుని ఏడ్చింది. నిన్న ఫోను చేసి పుస్తకం మొదటి వాక్యం చదివి వినిపించింది. ఈ ఇంటి తలుపు ఎవరికీ ఎన్నడూ మూయలేదు అని. "బాగుందా?" అని అడిగింది. బాగుందన్నాను.

బాగుంది. అదే బాధ. సిత్తీ జీవితమంతా ఆ ఒక్క వాక్యం కోసమే బతికింది, దాన్ని అబద్ధం చేసింది నేను. పైగా అది అచ్చులో పడితే, సందు చివర కూర్చున్న సుగుణ అసలు రానట్టే అవుతుంది. మొదటి రోజు తట్టి వెళ్ళిపోయినామెను సిత్తీ చచ్చేదాకా మర్చిపోలేదు. పేరు కూడా తెలీని మనిషిని. నాకు పేరు తెలుసు, గొంతు తెలుసు, చేతి మీద వాత తెలుసు. తెలిసి కూడా నేను ఆమెను చరిత్రలోంచి గెంటేస్తే ఎలా?

శుక్రవారం నూరా వస్తుంది. చెప్తాను. ఆ వాక్యం తీసెయ్యమని అడుగుతాను. కావిలించుకున్న చేతులే నన్ను పంపించేస్తాయేమో. పంపితే పోతాను. వాళ్ళు క్షమిస్తారా లేదా అన్నది నేను ఇప్పుడు ఆలోచించడం లేదు. వాళ్ళు క్షమించినా, క్షమించాల్సిన మనిషి వాళ్ళు కాదు.

నూరాతో అరబ్బీలో మాట్లాడాలి. అంతకు ముందు తెలుగులో చెప్పాల్సింది ఒకటి మిగిలి ఉంది, అందుకే మిమ్మల్ని కూర్చోబెట్టి ఇదంతా వినిపించాను. ఒక పిల్ల తలుపు అవతల నిలబడి తెలుగులో ఒక్క మాట అడిగింది, నేను జవాబు ఇవ్వలేదు. ఇప్పుడిచ్చే జవాబు ఎవరి చెవిన పడుతుందో, ఆమె దాకా పోతుందో లేదో తెలీదు. అయినా చెప్తున్నాను. చెప్తుంటే చేతుల్లోంచి ఏదో దిగినట్టుంది.

ఆయ్, సుగుణా. లోపలున్నది నేనే.